కొండ మీద వదిలినవి

మా వదిన గదిలో తలుపు వెనక కొక్కేలకు గుడ్డ సంచులు వేలాడుతుంటాయి. కుట్లు బయటికి వచ్చేలా తిరగేసి కుట్టిన సంచులు. లోపల దారప్పోగులుంటే పాము పళ్ళకు చిక్కుకుంటాయట. నేను కాపురానికొచ్చిన కొత్తలో అవేమిటో తెలియక, ఒకటి పట్టుకెళ్ళి బజారు నుంచి ఉల్లిపాయలు తెచ్చాను. వదిన చూసింది. ఉల్లిపాయలన్నీ వాడేశాక సంచి ఉతికి ఆరేస్తూ, "మొన్న దీంట్లోనే రక్తపింజరను తెచ్చాను అమ్మాయ్. ఉల్లిపాయలు బాగానే ఉన్నాయి కదూ?" అని అడిగింది. ఆ పూట నేను అన్నం ముట్టలేదు.

వదిన అంటే మా ఆయనకు అక్క. పెళ్ళి చేసుకోలేదు. ఎందుకమ్మా అని ఎవరైనా అడిగితే, "చూడ్డానికి వచ్చినవాళ్ళంతా ముందు సంచులు తీసెయ్యమన్నారు" అనేది. ఊరి చివర పాత బంగళాలో ఉన్న పరిశోధన కేంద్రంలో ఉద్యోగం. పాములు ఎక్కడ ఉంటాయి, ఏం తింటాయి, ఏ కాలంలో ఎటు పోతాయి, ఇదీ ఆవిడ పని. దాంతో పాటు ఊళ్ళో ఎవరింట్లో పాము కనిపించినా ఫోను ఆవిడకే వచ్చేది. ఊరంతా 'పాములావిడ' అనేవారు. పక్క వీధివాళ్ళకు నా పేరు కూడా తెలియదు, పాములావిడ మరదలు అనే పిలుస్తారు.

నాకు ముక్కు మీద కోపం, ఒప్పుకుంటాను. పాములంటే చచ్చేంత భయం, అదీ ఒప్పుకుంటాను. బడిలో లెక్కలు చెప్పుకుని ఇంటికొచ్చేసరికి వరండాలో ఒక సంచి కదులుతుంటే పై ప్రాణాలు పైకే పోయేవి. వదినతో ఎన్నిసార్లు పోట్లాడానో! ఆవిడ మాత్రం తిరిగి ఒక్క మాట అనేది కాదు. "దాన్ని కొండ మీద వదిలేసి వస్తాను, నువ్వు కాస్త టీ తాగు అమ్మాయ్" అని స్కూటరెక్కేది. పోట్లాటకు ఎదుటి మనిషి కూడా సాయం పట్టాలి కదా. నా కోపం నా దగ్గరే మిగిలిపోయేది.

కొండ మా ఊరికి పడమరన, లారీల రోడ్డు దాటాక ఉంటుంది. అడవి, రాళ్ళు, మనుషుల అలికిడి లేని చోటు. ఎవరింట్లో పట్టిన పామునైనా వదిన అక్కడే, ఒక పెద్ద రాళ్ళ గుట్ట దగ్గర వదిలేది. ఇంటివాళ్ళు దణ్ణం పెట్టి, పీడ విరగడైందని ఊపిరి పీల్చుకునేవారు. పాము చావలేదు, మనిషి చావలేదు. ఆ సాయంత్రాల్లో వదిన ముఖం చూస్తే నాకు కూడా ఆ పని మీద గౌరవం కలిగేది. చెప్పేదాన్ని కాదు, అంతే.

వదలబోయే ముందు ప్రతి పాముకూ గుర్తు పెట్టేది. ఒకసారి బలవంతాన నన్ను నిలబెట్టి చూపించింది. అద్దంలా కనిపించే ప్లాస్టిక్ గొట్టంలోకి పామును తల వైపు నుంచి పాకనిస్తుంది. సగం లోపలికి వెళ్ళాక గొట్టాన్నీ పామునూ కలిపి ఒక చేత్తో పట్టుకుంటుంది. ఇక అది కరవలేదు. అప్పుడు వెల్లకిలా తిప్పి, కడుపు కింద అడ్డంగా ఉండే వెడల్పాటి పొలుసుల్లో ఒకదాని అంచున చిన్న కత్తెరతో గాటు పెడుతుంది. మనం గోరు తీసుకున్నట్టే. గాయం మానాక తెల్లటి మచ్చ మిగులుతుంది, అది చెరిగిపోదు. కొండకు పంపినవాటన్నిటికీ ఎడమ పక్కన గాటు.

"ఎందుకిదంతా?" అన్నాను, తలుపు అవతలి నుంచే.

"మళ్ళీ కనిపిస్తే, ఇది నాదే అని తెలుస్తుంది."

మళ్ళీ కనిపించలేదు. ప్రతి ఏడూ వానలు తగ్గాక కొండకు వెళ్ళి, వదిలిన గుట్ట చుట్టూ రాయి రాయీ తిప్పి వెతికేది. ఎన్నో పాములు దొరికేవి. ఎడమ పక్కన మచ్చ ఉన్నది మాత్రం ఒక్కటీ దొరికేది కాదు. మోకాళ్ళు గీరుకుపోయి, తలలో ముళ్ళతో ఇంటికొచ్చి, "హాయిగా ఉన్నాయి అమ్మాయ్. మన కంటపడకుండా బతకడమే పాముకు సుఖం" అని తృప్తిగా అనేది. పాముల గురించి అంత తెలిసిన మనిషి, అన్నేళ్ళు అలాగే అనుకుంది. నేనూ నమ్మాను. నమ్మకపోవడానికి నాకేం తెలుసని?

ఒక మధ్యాహ్నం ఇద్దరం స్కూటరు మీద లారీల రోడ్డున వస్తున్నాం. పొరుగూళ్ళో చుట్టాలావిడకు ఆపరేషన్ అయితే చూసి వస్తున్నాం. వదిన ఉన్నట్టుండి బ్రేకు వేసింది. నేను వెళ్ళి ఆవిడ వీపుకు కొట్టుకుని, తిట్టబోయి ఆగిపోయాను. రోడ్డు మీద ఒక నాగుపాము ఎండిపోయి, లారీల కింద నలిగి తోలుపట్టీలా అంటుకుపోయి ఉంది. వదిన దిగి, స్కూటరు డిక్కీలోంచి స్క్రూడ్రైవరు తీసి, దాన్ని అంచుల నుంచి మెల్లగా లేపింది. తిరగేసింది. బొటనవేలితో తుడిచింది.

"నాదే" అంది.

ఎడమ పక్కన తెల్లటి మచ్చ నాక్కూడా కనిపించింది. నేను ఏదో అనబోయాను. వదిన వినడం లేదు. దాని తల ఎటు ఉందో చూస్తోంది. తల మా ఊరి వైపు ఉంది.

ఆ తర్వాత ప్రతి ఆదివారం ఆ రోడ్డు వెంట నడిచేది. ఇంకొన్ని దొరికాయి. కొన్నింటికి మచ్చ ఉంది, కొన్ని చెప్పలేనంతగా పాడైపోయాయి. ఒకరోజు వంటింట్లో నీళ్ళు తాగుతూ, ఎవరో చుట్టాల గురించి చెబుతున్నట్టు నెమ్మదిగా అంది: "ఇంటికి వస్తున్నాయి అమ్మాయ్."

"అంటే ఏమిటి వదినా? సరిగ్గా చెప్పండి."

చెప్పింది. పాముకు తన చోటు తెలుసు. ఎండాకాలం ఏ బొరియలో దూరాలో, ఎలుకలు ఎక్కడ తిరుగుతాయో, నీళ్ళు ఎక్కడో, మనుషులు ఏ వేళకు బయటికొస్తారో అన్నీ తెలుసు. దాన్ని తీసుకెళ్ళి తెలియని చోట పడేస్తే దానికి ఏమీ తెలియదు. దాక్కునే చోటు కోసం, తిండి కోసం, పాత చోటు కోసం తిరుగుతూనే ఉంటుంది. తిరిగేదాన్ని ముంగిస పట్టుకుంటుంది, గద్ద పట్టుకుంటుంది, లారీ తొక్కుతుంది. ఏదీ పట్టుకోకపోతే ఆకలికి చస్తుంది.

"ఈ సంగతి ఎక్కడో ఎవరో పరిశోధన చేసి రాశారు. చదివాను కూడా. అవి వాళ్ళ పాములులే, నావి కావులే అనుకున్నాను" అంది.

ఆ రోజు నుంచి మా ఇంట్లో ఇంకేదో కాపురం పెట్టినట్టయింది. దయ్యాలంటే నాకు నమ్మకం లేదు. కానీ ఆ సంచులు! ఖాళీవే, ఉతికి తగిలించినవే. వదిన మంచం మీద కూర్చుని వాటినే చూస్తుండేది. "అమ్మాయ్, ఒకసారి వాటిలో ఏమైనా ఉందేమో తడిమి చూడవా?" అని నన్నే అడిగేది. జీవితంలో సంచి ముట్టని నన్ను! ఖాళీయే అని చెప్పినా నమ్మేది కాదు, లేచి తానే ఒక్కొక్కటీ పిండి చూసేది. కొండ వైపు కిటికీ మూసేసింది. గిన్నెలు తోముతూ తోముతూ ఆగి, తడి చేతులు గాల్లో అలాగే పెట్టి ఉండిపోయేది. సంచి బరువు చేతికి తెలుస్తోందట.

అన్నిటికంటే నన్ను భయపెట్టింది ఇంకొకటి. మా అమ్మాయికి అప్పటికి పాలపళ్ళు ఊడుతున్నాయి. మేనత్త దగ్గరే జడ వేయించుకునేది. ఒక పొద్దున చూస్తే, వదిన రిబ్బను చేతిలోకి తీసుకుని, వెనక్కి తిప్పి, దాని ఎడమ అంచు వెంట బొటనవేలు నడుపుతోంది. పిల్ల "అత్తా, బడికి టైమవుతోంది" అంటున్నా వినిపించుకోలేదు. తర్వాత చూస్తే బెల్టు, టేపు, స్కూటరు తాళానికి కట్టిన తాడు, పొడుగ్గా ఉన్న ఏ వస్తువైనా చేతికొస్తే చాలు, తిరగేసి చూసేది. ఆ పని చేస్తున్నట్టు ఆవిడకే తెలియదు.

నా వల్ల కాలేదు. ఒకరోజు ఆవిడ ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చుని, క్లాసులో పిల్లలకు చెప్పినట్టే చెప్పాను. "చూడండి వదినా. చచ్చినవి రోడ్డు మీద ఉన్నాయి కాబట్టి మీకు కనిపించాయి. బతికున్నవి కొండ మీద రాళ్ళ కింద ఉన్నాయి. అవి ఎలా కనిపిస్తాయి? కంటపడకుండా బతకడమే వాటి సుఖం అని మీరే అన్నారుగా. కొన్ని చచ్చాయి, నిజమే. మిగతావి బతికే ఉన్నాయి."

వదిన ముందుకు వంగింది. "మళ్ళీ చెప్పు అమ్మాయ్" అంది.

మళ్ళీ చెప్పాను. ఆ రాత్రి అన్నం సరిగ్గా తింది. అప్పటి నుంచి ఎప్పుడు కిటికీ దగ్గర అలా నిలబడిపోయినా, "మళ్ళీ చెప్పు" అనేది, నేను చెప్పేదాన్ని. కూర తరుగుతూ చెప్పాను, బట్టలు మడతపెడుతూ చెప్పాను. ఆ నాలుగు మాటల మీదే ఆవిడ నిలబడి ఉందని నాకు తెలుసు.

ఇక కొండకు తీసుకెళ్ళనని వదిన తీర్మానించుకుంది. ఎవరైనా పిలిస్తే వెళ్ళి పామును పట్టి, "దీన్ని మీ ప్రహరీ వెనకే వదుల్తాను. ఇన్నాళ్ళూ ఇక్కడే ఉంది, మీ జోలికి రాలేదు. తలుపు కింద సందులు మూయండి, ఎలుకలు చేరకుండా చూసుకోండి, చీకట్లో టార్చి లేకుండా తిరగకండి" అని బతిమాలేది. ఎవరు వింటారు? పచారీ కొట్టాయన అయితే వీధిలో అందరూ వినేలా అరిచాడు.

"పట్టుకెళ్తారని పిలిస్తే మా పెరట్లోనే వదుల్తానంటారేంటండీ! మీ ఇంట్లో దూరితే ఇలాగే వదుల్తారా?"

వదిన సంచి మూతి కట్టేసింది. పామును కేంద్రానికి తీసుకెళ్ళి, ఆయన చూడకుండా మర్నాడు అదే వీధి చివర ఖాళీ స్థలంలో వదిలి వచ్చింది. అబద్ధం ఆడటం ఆవిడకు చేతకాదు. ఆ వీధి నుంచి ఫోను వచ్చినప్పుడల్లా ఎవరినైనా కరిచిందా అని హలో అనకముందే అడిగేది. మెల్లగా ఫోన్లు రావడమే మానేశాయి. జనం మళ్ళీ కర్రలు తీశారు.

అప్పుడు పాము మా ఇంటికే వచ్చింది.

వేసవి సెలవుల్లో ఒక సాయంత్రం మా అమ్మాయి పెరట్లోంచి పరిగెత్తుకొచ్చి, "అమ్మా, బట్టల బండ కింద ఏదో బుస్సుమంది" అంది. పిల్లను ఎత్తుకుని మంచమెక్కి నిలబడ్డాను, లెక్కల పంతులమ్మను! వదిన కొక్కెం కర్ర తీసుకుని వెళ్ళింది. నాగుపాము. నా చెయ్యంత పొడుగు కాదు, మనిషంత పొడుగు. వెల్లకిలా తిప్పి ముందు కడుపు చూసింది. ఏ మచ్చా లేదు. ఎప్పటి నుంచో మా బండ కింద ఉంటున్నదే.

మా ఆయన మందుల షాపు నుంచి వచ్చేసరికి సంచి వరండాలో ఉంది. "అక్కా, దీన్ని కొండకు తీసుకెళ్ళు" అన్నాడు.

"అక్కడ బతకదురా."

"పిల్ల తిరిగే ఇల్లు అక్కా ఇది! ఇంకేమీ చెప్పకు నాకు."

వదిన నా వైపు తిరిగింది. "నువ్వు చెప్పు అమ్మాయ్. తల్లివి. నువ్వెలా అంటే అలాగే చేస్తాను."

"కొండకే" అన్నాను. ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. ఆలోచిస్తానని ఎవరైనా అనుకుంటే వాళ్ళకు పిల్లలు లేరని అర్థం.

వదిన తలూపి, సంచి మూతి ఇంకోసారి బిగించి, బయటికి నడిచింది. స్కూటరు చప్పుడు కోసం ఎదురుచూశాను. రాలేదు. కిటికీలోంచి చూస్తే ఆవిడ స్కూటరు మీద కూర్చునే ఉంది, సంచి ఒళ్ళో పెట్టుకుని. తాళం చేతిలోనే ఉంది, పెట్టలేదు. ఏమైందోనని వాకిట్లోకి వెళ్ళాను. ఆవిడకు నా అడుగులు వినిపించలేదు.

"ఏమీ అనుకోకు" అంటోంది సంచితో. "నాకింకో దారి లేదు. ఏమీ అనుకోకు."

నాకు ఎంత కోపం వచ్చిందో చెప్పలేను. ఆవిడ మీదా, పాము మీదా, ఆ ముసలి కొండ మీదా, 'మీ ఇంట్లో అయితే వదుల్తారా' అన్న ఆ పచారీ కొట్టాయన మీదా. నా మీద కూడా. ఏడుపూ కోపమూ కలిసి వచ్చాయి.

"దిగండి" అన్నాను.

"అమ్మాయ్..."

"దిగండి వదినా! ఆ గోడ వెనకే వదిలెయ్యండి. నా బిడ్డకేమైనా అయితే మాత్రం ఈ జన్మలో మీ ముఖం చూడను. ఆ మాట గుర్తుంచుకోండి."

వదిన దిగింది. ఆ కడుపు మీద ఈసారి కుడి పక్కన గాటు పెట్టింది. నేనే గొట్టం పట్టుకున్నాను, కళ్ళు మూసుకుని. ప్రహరీ వెనక రాళ్ళ పోగు దగ్గర సంచి విప్పింది. అది తొందర లేకుండా, తోవ తెలిసినట్టు, రాళ్ళ మధ్య ఒక సందులోకి వెళ్ళిపోయింది. నిజంగానే తోవ తెలుసు దానికి.

మా ఆయన నెల్లాళ్ళు అక్కతో మాట్లాడలేదు. తలుపు కింద రబ్బరు పట్టీలు తానే వేయించాడు. నేను బూట్లు దులపనిదే పిల్లను వేసుకోనివ్వలేదు, మంచం గోడకు ఆనకుండా జరిపాను, చీకటి పడితే పెరటి తలుపు తీయనివ్వలేదు. బడిలో బోర్డు మీద రాస్తూ రాస్తూ, ఇప్పుడు అది ఎక్కడుందో అనుకునేదాన్ని. ఏడాది పొడుగునా దాన్ని ఒక్కసారి కూడా ఎవరం చూడలేదు. చూడకపోవడం ఎంత భయమో ఎలా చెప్పను? నిద్రలో గోడ అవతల అది తిరుగుతున్నట్టే ఉండేది. వదినకు అవి కొండ మీద తిరుగుతున్నట్టు అనిపించినట్టే.

మళ్ళీ వేసవి చివర్లో, మొదటి వాన కురిసిన మర్నాడు, పక్కింటి కుట్టు మిషనావిడ గోడ మీదుగా కేకేసింది. నీళ్ళగది మూల పాముందని. వదిన వెళ్ళింది. నేనూ వెళ్ళాను. గొట్టం పట్టుకోవడం వచ్చుకదా ఇప్పుడు.

నాగుపాము. మెరుస్తోంది, పుష్టిగా ఉంది. వదిన దాన్ని గొట్టంలోకి పాకనిచ్చి నా చేతికిచ్చి, కడుపు పైకి తిప్పింది. బొటనవేలు కిందికి జరుపుకుంటూ వెళ్ళి ఆగింది.

కుడి పక్కన తెల్లటి మచ్చ.

"మనదే!" అని అరిచాను. పామును చూసి సంతోషంతో అరుస్తానని ఎవరైనా నాతో అని ఉంటే చెంప పగలగొట్టేదాన్ని. "చూశారా వదినా, బతికే ఉంది! మీరన్నట్టే, ఎవరి జోలికీ రాకుండా మన గోడ చుట్టూనే తిరుగుతోంది! ఎంత లావెక్కిందో చూడండి!"

వదిన నవ్వింది. ముఖమంతా నవ్వింది. ఆ మచ్చ మీద వేలు అలాగే ఉంచి నవ్వుతూ, నవ్వుతూ, ఆగిపోయింది. వదిన ఆ పెరటి మెట్టు మీద కూర్చుంది.

"ఇక్కడ ఒక్కదానికే గుర్తు పెట్టాం" అంది. "ఏడాదికే చేతికొచ్చింది."

"అదేగా నేనూ అంటున్నది..."

"బతికుంటే దొరుకుతుంది అమ్మాయ్."

నాకు అప్పుడు అర్థమైంది. అయినా ఊరుకోబుద్ధి కాలేదు. "కొండ చాలా పెద్దది కదా వదినా. ఇదంటే పెరడు..."

"పాము కొండంతా తిరగదు. బతికితే ఉన్న చోటి చుట్టూనే బతుకుతుంది. ఇదిగో, ఇలా. నేను ఆ గుట్ట చుట్టూనే వెతికాను, అన్నేళ్ళూ. ఒక్కటి... ఒక్కటైనా రావాలి కదా నా చేతికి."

నేను ఎదురుచూశాను. 'మళ్ళీ చెప్పు' అని ఆవిడ అడగలేదు. అడిగినా నా దగ్గర చెప్పడానికి ఏమీ మిగల్లేదు.

పాము నా చేతిలో బిగుసుకుని, సడలి, మళ్ళీ బిగుసుకుంది. చల్లగా, బరువుగా, బతికి ఉంది. వదిన పైట చెంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడుస్తోంది. అంతగా ఏడవగా నేనెప్పుడూ చూడలేదు. గుమ్మం అవతల నుంచి కుట్టు మిషనావిడ తొంగిచూసి, హడలిపోయింది.

"అయ్యో, కరిచిందా ఏమిటి?"

కరవలేదని చెప్పాను.